కట్టేసిన పడవ ఎవరి పూచీ?

పెన్నాలో హౌస్‌బోట్లు తిప్పాలనే ముచ్చట నెల్లూరులో నలుగురు కూర్చున్న చోట తరచూ వినపడుతోంది. వినపడక ఏం చేస్తుంది? సంగం బ్యారేజీ, నెల్లూరు బ్యారేజీ రెండూ 2022 సెప్టెంబరు 6న ఒకే రోజు మొదలయ్యాయి. ఎండలు ముదిరితే ఇసుకా, ముళ్లతుప్పలూ తప్ప పెద్దగా ఏమీ కనపడని ఏట్లో ఇప్పుడు నీళ్లు నిలబడుతున్నాయి. నిలబడిన నీళ్లు చూడగానే మనవాళ్లకు అలెప్పీ గుర్తుకొస్తుంది. లోపల ఏసీ గది, ముందు వరండా, వెనక వంటిల్లు, అందులోంచి చేపల పులుసు వాసన. నెల్లూరు చేపల పులుసు ఇక్కడే పెట్టుకుని కేరళ దాకా పోవడమెందుకు అంటే కాదనడానికి నా దగ్గర మాట లేదు.

నా పేచీ వేరే చోట ఉంది. పడవ ఎవరు నడుపుతారు, లైఫ్ జాకెట్లు ఎన్ని ఉంటాయి, ఎంతమందిని ఎక్కిస్తారు అని అందరూ అడుగుతారు. మంచిదే. షికారు అయిపోయి జనం దిగిపోయాక ఆ పడవను ఎక్కడ కడతారు, దేనికి కడతారు, రాత్రంతా దాని దగ్గర ఎవరుంటారు అని మాత్రం అడిగేవాళ్లు కనపడరు. నడుస్తున్న పడవకు ఏదైనా అయితే అందులో ఉన్నవాళ్లకు ముప్పు. వరదలో తాడు తెంచుకున్న పడవతో ఊరంతటికీ ముప్పు. మన నెల్లూరు, ప్రకాశం జిల్లాల్లో ఈ రెండో సంగతి ముందు తేల్చుకోకుండా హౌస్‌బోటుకు ఒక్క అనుమతి కూడా ఇవ్వకూడదు, అనుమతి లేకుండా కట్టినదాన్ని ఒక్క రాత్రి కూడా ఉండనివ్వకూడదు అనేది నా మాట.

ఇదేదో ఊరికే భయపెట్టడం అనుకుంటే 2024 సెప్టెంబరు మొదటి రోజులు గుర్తు చేసుకోండి. అప్పుడు కృష్ణమ్మకు వరద 11 లక్షల క్యూసెక్కులు దాటింది. ప్రకాశం బ్యారేజీ కట్టాక అంత నీరు ఎప్పుడూ రాలేదు. (పేరు మన టంగుటూరి ప్రకాశం పంతులుగారిదే గానీ బ్యారేజీ ఉన్నది విజయవాడలో. బయటి మిత్రులు ఇప్పటికీ ఒంగోలు పక్కన వెతుకుతారు.) ఎగువన కట్టి ఉన్న భారీ ఇసుక పడవలు కొట్టుకొచ్చి గేట్లను గుద్దాయి. గేటు ఎత్తేటప్పుడు దించేటప్పుడు బరువు సర్దుకోవడానికి కౌంటర్ వెయిట్ అని పెద్ద కాంక్రీటు దిమ్మె ఒకటి ఉంటుంది. ఆ దిమ్మెలు పగిలాయి. వాటిని మార్చడానికి గేట్ల పనిలో పేరున్న కన్నయ్యనాయుడుగారిని పిలిపించారు. నీళ్లలో ఇరుక్కున్న పడవల్లో మొదటిదాన్ని బయటికి తీయడానికే రెండు వారాలకు పైగా పట్టింది. క్రేన్లతో లేపబోయారు, లేవలేదు. గజఈతగాళ్లను దించి నీటి కింద కోయించబోయారు, అదీ అంత తేలిగ్గా తెగలేదు. టీవీల్లో మాత్రం ఆ పడవలకు ఏ పార్టీ రంగులు వేశారన్న దాని మీదే రోజుల తరబడి చర్చ నడిచింది. రంగు ఏదైతే ఏం, అంతంత బరువున్న పడవలు వరద కాలంలో బ్యారేజీకి ఎగువన ఏ కట్టుకొయ్యకు, ఏ మోకుతో కట్టి ఉన్నాయో చూసే బాధ్యత ఎవరిది? ఆ ప్రశ్న రంగుల గోలలో కొట్టుకుపోయింది.

అది విజయవాడ సంగతి, మనకెందుకు అనుకునే వీలు కూడా లేకుండా పోయింది. 2025 అక్టోబరు చివర మొంథా తుపాను వచ్చినప్పుడు పెన్నాలో ఇసుక బోటు సంగం బ్యారేజీ వైపు కొట్టుకొచ్చి అధికారులకు నిద్ర లేకుండా చేసింది. గండం గడిచింది. గడిచాక రెండో రోజు పేపర్లో ఆ వార్త లోపలి పేజీకి పోయింది, ఆ తర్వాత పేపర్లోనే లేదు. మనవాళ్లకు గండం గడిస్తే చాలు, అది ఎందుకొచ్చిందో అక్కర్లేదు.

సంగం బ్యారేజీకి 85 గేట్లు. పొలాలకు నీళ్లు దాని నుంచే పోవాలి, సంగం నుంచి అవతలి ఒడ్డుకు బండ్లూ దాని మీద నుంచే పోవాలి. అట్లాంటి దానికి ఎగువన ఒక హౌస్‌బోటు ఉందనుకుందాం. ఇసుక పడవ నీళ్లలో దిగబడి ఉంటుంది. హౌస్‌బోటు అట్లా కాదు, పైన గదులు కట్టి ఉంటాయి, పక్కలకు తడికలో ఫైబర్ గోడలో ఉంటాయి. కింద ప్రవాహం ఒక వైపు తోస్తుంటే పైన గాలి ఇంకో వైపు తోస్తుంది. తుపాను గాలికి ఆ గోడ తెరచాప అయిపోతుంది. దాన్ని పట్టుకుని ఉంచడానికి వేసే మోకు, లంగరు మామూలు లెక్కన సరిపోవు.

ఇప్పుడు కడుతున్న తీరు చూస్తే ఇంకా దిగులేస్తుంది. పెన్న ఒడ్డున ఒక చోట నేను చూసిన ఫైబర్ బోటు సంగతి చెబుతాను. చిటికెన వేలంత లావు నీలం నైలాన్ తాడు. ఒక కొస బోటు ముందు కొక్కేనికి, రెండో కొస గట్టు మీద తుమ్మ మోడుకు. మధ్యలో ఆ తాడు కాంక్రీటు మెట్టు అంచు మీద పడి ఉంది. బోటు ఊగినప్పుడల్లా తాడు ఆ అంచు మీద రాసుకుంటోంది. రాసుకున్న చోట నీలం పోయి తెల్లగా పీచు లేచింది. తాడు పాతదైతే అక్కడ ఒక పాత గోనెసంచి ముక్క చుట్టినా చాలు, ఇంకొన్నాళ్లు ఆగుతుంది. అది కూడా లేదు. లైఫ్ జాకెట్లు సంచిలో మూటగట్టి, ఆ సంచిని సీటు కింద గొలుసుతో కట్టి తాళం వేశారు. బోటుకు లేని తాళం జాకెట్లకు ఉంది! దొంగలెత్తుకుపోతారట.

లారీని వాలు మీద ఆపితే క్లీనర్ దిగి వెనక చక్రానికి రాయి పెడతాడు, పెట్టకపోతే డ్రైవర్ చేత తిట్లు తింటాడు. నీళ్ల మీద ఆ రాయి పెట్టే మనిషి లేడు, తిట్టే మనిషీ లేడు.

చేపల వేటకు పోయేవాళ్లను చూడండి. ముత్తుకూరు వైపు పల్లెపాలెంలో ఒక పెద్దాయన పడవ కడుతుంటే పక్కన కూర్చుని, "ఇంత వదులుగా కడుతుండావే మామా, గట్టిగా బిగించి కట్టరాదా?" అని అడిగాను. ఆయన తాడు వదలకుండానే అన్నాడు: "బిగించి కడితే నీళ్లు లేచినప్పుడు ముక్కు కిందికి గుంజేస్తాది అబ్బయ్యా. యాడ కట్టిందాన్ని ఆడనే ముంచేస్తాది. సందిచ్చి కట్టాల. నీళ్లు పెరిగే కొద్దీ వొదలాల, తగ్గే కొద్దీ గుంజుకోవాల. అందుకే గాలివాన రోజు మేం ఇంట్లో పండుకోం."

నీరు మట్టం మారే చోట కట్టిన తాడు ఒకే పొడవున ఉంటే కుదరదు. పొట్టిదైతే ముంచుతుంది, పొడుగుదైతే పడవను అటూ ఇటూ తిప్పి పక్కదానికో గోడకో కొడుతుంది. కాబట్టి కట్టేసిన పడవకు తాడుతో పాటు మనిషి కావాలి. ఆ పెద్దాయనకు తన పడవే బతుకు కాబట్టి రాత్రంతా మేలుకుంటాడు. నెలజీతానికి పెట్టుకున్న కుర్రాడు, అదీ ఎనిమిదింటికి డ్యూటీ దిగిపోయేవాడు, తుపాను రాత్రి ఏటి గట్టుకు వస్తాడా? వాడు రావాలని అనుకోవడం కూడా అన్యాయమే. వాడికిచ్చే జీతమెంత, వాడికి బీమా ఏదీ?

ఇక్కడే మన నది గోదావరికి, కృష్ణకు భిన్నంగా నడుస్తుంది. నియమాలు రాసేవాళ్లు తరచూ మరిచిపోయేది ఇదే. గోదావరికి, కృష్ణకు పెద్ద వరదలు శ్రావణ భాద్రపదాల్లో వస్తాయి. దసరా దాటేసరికి ఏరు సర్దుకుంటుంది. కార్తీకంలో వనభోజనాలకు, పాపికొండలకు జనం పోయే నాటికి నీళ్లు తేటపడతాయి. మనకు అట్లా కాదు. నెల్లూరు, ప్రకాశం జిల్లాలకు వాన తెచ్చేది ఈశాన్య రుతుపవనం, వాయుగుండాలు. మన వరద కార్తీకంలోనే. 1989 నవంబరులో కావలి తుపాను కార్తీకంలో. 2021 నవంబరులో కార్తీక పౌర్ణమి మరునాడు పెన్న పొంగి పడుగుపాడు దగ్గర రైలు పట్టాల కింద కట్ట కొట్టుకుపోయింది, కోవూరు దగ్గర హైవేకు గండి పడింది, మద్రాసు వైపు రైళ్లు ఆగిపోయాయి. 2023 డిసెంబరులో మిచాంగ్ తుపాను బాపట్ల దగ్గర తీరం దాటిన నాటికీ ఆ ఏడు కార్తీకం ఇంకా అయిపోలేదు. మొంథా కూడా కార్తీకంలో మొదటి వారమే.

అంటే షికారు పడవకు డబ్బులొచ్చే నెలా, దాన్ని నీళ్లలోంచి బయటికి లాగి పెట్టాల్సిన నెలా మనకు ఒకటే. హౌస్‌బోటు గొడవ అంతటికీ మూలం ఇక్కడుంది. అనుమతి కాగితం ఉన్నవాడైనా లేనివాడైనా, కార్తీక ఆదివారం ముందు శనివారం వాతావరణ శాఖ హెచ్చరిక వస్తే బోటు విప్పి ఒడ్డుకెక్కిస్తాడా, బుకింగులు చూసుకుంటాడా? ఎగువన సోమశిల డ్యాం గేట్లు ఎత్తితే నెల్లూరుకు నీళ్లు రావడానికి పట్టేది గంటలే. రెండంతస్తుల బోటును గంటల్లో ఒడ్డుకు లాగడానికి పెన్న పొడవునా ఎక్కడా ఏర్పాటు లేదు.

కార్తీకం అంటే ఒంగోలు వాళ్లకు ఇంకో సంగతి గుర్తుకు రాకుండా ఉండదు. 2017 నవంబరు 12, ఆదివారం. విజయవాడ దగ్గర పవిత్ర సంగమంలో హారతి చూడబోయిన పడవ మునిగి ఇరవై మందికి పైగా పోయారు. ఎక్కువమంది ఒంగోలు వాళ్లు, పొద్దున్నే కలిసి నడిచే వాకర్స్ క్లబ్ మిత్రులు. నెల్లూరు వాళ్లూ ఉన్నారు. ఆ పడవకు అనుమతి లేదు. అనుమతి లేని పడవ రేవులో ఉంది, జనాన్ని పిలిచింది, ఎక్కించుకుంది. మునిగిపోయిన తర్వాత అందరికీ అది అక్రమం అని తెలిసింది. పొద్దున అది రేవులో కట్టి ఉన్నప్పుడు ఎందుకు తెలియలేదు? ఇట్లాంటివి జరిగినప్పుడల్లా "లైఫ్ జాకెట్ వేసుకోలేదు, తొందరపడి ఎక్కారు" అని పోయినవాళ్ల మీదికి నెట్టే మాటలు వింటే నాకు ఒళ్లు మండుతుంది. ఊరుకాని ఊళ్లో, సర్కారు కట్టిన ఘాట్‌లో ఆగి ఉన్న పడవకు లైసెన్సు ఉందో లేదో ప్రయాణికుడు ఎట్లా కనుక్కుంటాడు?

2019 సెప్టెంబరు 15న గోదావరిలో కచ్చులూరు దగ్గర రాయల్ వశిష్ట బోటు మునిగి యాభై ఒక్కమంది పోయారు. ఆ తర్వాత ప్రభుత్వం 2020 జూన్‌లో తొమ్మిది చోట్ల బోట్ల కంట్రోల్ రూములు పెట్టింది. గోదావరి మీదే సగానికి పైగా. మిగతావి రుషికొండ, నాగార్జునసాగర్, శ్రీశైలం, విజయవాడ బెర్మ్‌పార్క్. పెన్నకు, ప్రకాశం జిల్లాలోని గుండ్లకమ్మ ఏటికి ఒక్కటీ రాలేదు. అప్పుడు మన దగ్గర పెద్దగా పడవలు లేవు కదా అంటే సరే, ఒప్పుకుంటా. ఇప్పుడు పడవలు తేవాలనుకుంటే ముందు కంట్రోల్ రూము తేవాలి. పడవలు లేవన్న మాట కూడా పూర్తిగా నిజం కాదులెండి. 2023 ఫిబ్రవరిలో పొదలకూరు మండలం తోడేరు చెరువులో పదిమంది కుర్రాళ్లు చేపల పడవలో షికారుకు పోయి ఆరుగురు తిరిగి రాలేదు. చెరువు, వరద లేదు, తుపాను లేదు.

హౌస్‌బోటు అయితే కట్టేసి ఉన్నప్పుడు కూడా అందులో మనుషులు పడుకుని ఉంటారు. షికారు బోటుకూ దీనికీ తేడా అది. 2022 డిసెంబరు చివర్లో అలెప్పీలో తెల్లవారుజామున ఒక హౌస్‌బోటులోకి నీళ్లు వచ్చి మునిగిపోయింది. ఆంధ్రా నుంచి వెళ్లిన పర్యాటకుడు ఒకాయన చనిపోయారు. బోటు నడవడం లేదు, కట్టేసి ఉంది, లోపల జనం నిద్రలో ఉన్నారు. మరుసటేడు నవంబరులో శ్రీనగర్ దాల్ సరస్సులో ఒక హౌస్‌బోటుకు అంటుకున్న నిప్పు పక్కపక్కనే కట్టిన మిగతావాటికి పాకి ఐదు బోట్లు కాలిపోయాయి, బంగ్లాదేశ్ నుంచి వచ్చిన ముగ్గురు పోయారు. గ్యాసు సిలిండర్లు, చెక్క, పరదాలు, వైరింగు అన్నీ ఒక్క చోట ఉన్నప్పుడు ఎంత దూరంలో ఇంకో పడవ కట్టాలి అనేది ప్రాణాల లెక్క. ఇన్ని దశాబ్దాల అనుభవం ఉన్న చోట్లే ఇట్లా ఉంటే, నిన్నగాక మొన్న నీళ్లు చూసిన మనం ఎంత జాగ్రత్తగా ఉండాలి?

చట్టం లేక కాదు. 1917 నాటి పాత చట్టం తీసేసి 2021లో కొత్త ఇన్‌ల్యాండ్ వెసెల్స్ చట్టం తెచ్చారు. ఇంజను పడవకు సర్వే, రిజిస్ట్రేషన్, బీమా, నడిపేవాడికి అర్హత పత్రం ఉండాలని అందులో ఉంది. కాగితం మీద లోటు లేదు. ఏటి గట్టు మీదికొచ్చేసరికి నీళ్లు ఒక శాఖవి, గట్టు ఇంకో శాఖది, టికెట్టు మూడో శాఖది, బోటు నాలుగో శాఖది. నాలుగు ఆఫీసుల్లో ఎవరిని అడిగినా పక్క ఆఫీసు చూపిస్తారు. కాబట్టి పడవ కట్టే చోటుకు ఒక్క మనిషి జవాబుదారీ కావాలి. నా వరకు బ్యారేజీ చూసే ఇంజనీరుకే ఆ అధికారం ఇవ్వాలంటాను. గేటు విరిగితే తెల్లారి మాట పడేది ఆయనే కదా. బ్యారేజీకి ఎగువన ఎంత దూరం దాకా ఏ పడవా కట్టకూడదో ఆయనే గీత గీయాలి, ఆ గీత దాటి కట్టినదాన్ని నోటీసులు, వాయిదాలు లేకుండా లాగించే అధికారం ఆయనకు ఉండాలి. లాగిన ఖర్చు యజమాని ముందే కట్టిన డిపాజిట్‌లోంచి పోవాలి. డిపాజిట్ ఎంత అంటే, మునిగిన పడవను పైకి తీయడానికి ఎంతవుతుందో అంత. ప్రకాశం బ్యారేజీ దగ్గర పడ్డ పాట్లు చూశాం కాబట్టి ఆ లెక్క వేయడం ఇంజనీర్లకు కష్టమేం కాదు.

గుండ్లకమ్మ వైపు అయితే నేను ఇంకా గట్టిగా చెబుతాను, వద్దే వద్దు. మల్లవరం దగ్గర ప్రాజెక్టు గేటు ఒకటి 2022లో కొట్టుకుపోయింది, మిచాంగ్ వచ్చిన నెలలో ఇంకోటి పోయింది. ఏ పడవా గుద్దకుండానే. ముందు గేట్లు నిలబడనీయండి, పడవల సంగతి ఆనక.

ఇప్పుడు నాకు ఎదురొచ్చే మాట ఒకటుంది, అది చిన్నది కాదు. "అనుమతి లేని పడవలు తీసేయండి అంటే మొదట పోలీసులు పట్టుకునేది పేదోళ్ల పడవలనే" అంటారు. నిజం. అలవాటు ప్రకారం జరిగేది అదే. ఇసుక బోటు యజమానికి ఫోను చేయగల మనిషి ఉంటాడు. ఏటి గట్టున వలేసుకుని బతికే యానాది కుటుంబానికి ఎవరున్నారు? రాజమండ్రి దగ్గర గోదావరిలో పడవే ఇల్లుగా బతికే మత్స్యకార కుటుంబాలున్నాయి. వాళ్లకూ, వీకెండు గదులు అద్దెకిచ్చే బోటుకూ ఒకే రూలు పెడితే అది రూలు కాదు, దౌర్జన్యం. చేపల నాటు పడవను నలుగురు మోసుకుపోయి గట్టు మీద బోర్లించగలరు. తుపాను అనగానే వాళ్లు చేసేదీ అదే. మనుషులు ఎత్తలేని పడవ, టికెట్టు వసూలు చేసే పడవ, ఇసుక తోడే పడవ, ఈ మూడింటికే నేను చెప్పే కట్టుబాట్లన్నీ. నాటు పడవలకు పంచాయతీ దగ్గర ఒక నంబరు, పడవ మీద పెయింటుతో ఆ నంబరు, అంతే చాలు. తోడేరు లాంటి చెరువుల్లో మాత్రం వేట లేనప్పుడు పడవకు గొలుసూ తాళమూ ఉండాలి. తాళం చెవి చెరువు లీజుదారు దగ్గర ఉండాలి.

బోటు యజమానుల వాదన కూడా నేను విన్నాను. "సార్, కట్టడానికి సరైన చోటు మీరు చూపించండి, అక్కడే కడతాం. చోటు లేకుండా అక్రమం అంటే ఎట్లా?" ఇందులో సగం న్యాయం ఉంది. సముద్రం మీద పోయే బోట్లకు జువ్వలదిన్నెలో హార్బరు కట్టారు, 2024 ఆగస్టులో మొదలుపెట్టారు. పెన్న మీద మాత్రం ఒక రేవంటూ లేదు. స్నానఘట్టాలు ఉన్నాయి, సెల్ఫీ పాయింట్లు ఉన్నాయి, ఇనుప గుంజ పాతిన రేవు మాత్రం కనపడదు. అది సర్కారు చేయాల్సిన పని. చేసేదాకా పడవ తేకుండా ఆగడం యజమాని పని. చోటు లేదు కాబట్టి తుమ్మ మోడుకు కట్టాను అంటే ఒప్పుకోను.

రెండో మాట సీజను గురించి. ఆశ్వయుజం చివరికల్లా పెద్ద పడవలన్నీ ఒడ్డెక్కించి, మార్గశిరం దాటాకే మళ్లీ దించాలి అని నేనంటే, "కార్తీకం పోతే మాకింక మిగిలేదేంది, బ్యాంకు కిస్తీ ఎవరు కడతారు?" అని ఒకాయన అడిగాడు. ఆయన టెన్షన్ నాకు అర్థమైంది. నా జవాబు ఇది. మన దగ్గర వానలు డిసెంబరు దాటితే తగ్గిపోతాయి. సంక్రాంతి నాటికి సోమశిల, కండలేరు, చెరువులు మంచి నీళ్ల మీద ఉంటాయి, గాలి చల్లగా ఉంటుంది, నేలపట్టుకు పక్షులు వచ్చి ఉంటాయి, వాటిని చూడటానికి జనమూ వస్తారు. సంక్రాంతి నుంచి ఉగాది దాకా నెల్లూరు నీళ్లంత నెమ్మదైన నీళ్లు గోదావరిలో కూడా దొరకవు. ఆ నెలల్లో నడిపి, మిగతా ఏడాది పడవను ఒడ్డున పెట్టి సున్నమూ తారూ పూసుకునే లెక్క వేసుకుంటే నడపొచ్చు. ఆ లెక్కన గిట్టుబాటు కాదంటే పెన్న మీద హౌస్‌బోటు వ్యాపారమే గిట్టదు. కార్తీకంలో సంపాదించాలనుకునేవాడు దిండికో రాజమండ్రికో పోయి పెట్టుకోవాలి, ఇక్కడ కాదు.